పదిహేడో నంబరు ముందు తొమ్మిది అంగుళాలు

ముప్పైమూడేళ్ల నాలుగు నెలల ఉద్యోగంలో నేను తప్పు గీసిన షీటు ఒక్కటే. ఆ ఒక్క షీటు వల్ల నాలుగు ఇళ్ల ముందరి భాగాలు నేలమట్టమయ్యాయి. ఆ నాలుగింటినీ నేను చూడలేదు. మిగిలిన ఇరవై ఎలా మిగిలాయో చెప్పడానికి ఇది రాస్తున్నాను.

మీలో చాలామంది ఇప్పుడు స్క్రీను మీద గీస్తున్నారు. చేతి గీత మీకు అక్కర్లేదు, నాకూ తెలుసు. కానీ నేను చేసిన తప్పు మీ కంప్యూటరులో ఇంకా తొందరగా, ఇంకా శుభ్రంగా చేయొచ్చు. అందుకని కాస్త ఓపికగా చదవండి.

మా నాన్న కరీంనగర్ వైపు నుంచి వచ్చి సాస్తి గనిలో పనిచేశాడు. నేను మరాఠీ బడిలో చదివాను, తెలుగు అమ్మ దగ్గర నేర్చుకున్నాను. ఒక బొగ్గు కంపెనీ సివిల్ సెక్షన్‌లో ప్లాన్ల నకళ్లు గీసే ట్రేసర్‌గా చేరి, డ్రాఫ్ట్స్‌మన్‌గా రిటైరయ్యాను. ఆడదాన్నైనా చివరి రోజు దాకా నా కాగితాల మీద 'డ్రాఫ్ట్స్‌మన్' అనే ఉంది. ఎవరూ మార్చలేదు, నేనూ అడగలేదు. కంపెనీ పేరు, కాలనీ పేరు ఇక్కడ రాయను. చంద్రపూర్ చుట్టుపక్కల అలాంటి కాలనీలు చాలా ఉన్నాయి. ఒక పేరు రాస్తే మిగతావాటిని మీరు చూడకుండా వదిలేస్తారు.

మా పనిలో రంగులకు అర్థాలుంటాయి. ఉన్న కట్టడానికి నలుపు. కొత్తగా వేయబోయేదానికి ఎరుపు. కూల్చేదానికి పసుపు. పసుపు పెన్సిలు చాలా మెత్తగా ఉంటుంది, చేతికి బరువు తెలియదు.

నా రిటైర్మెంటుకు పదకొండు నెలలుండగా, ఏప్రిల్ చివర్లో ఒక ఫైలు వచ్చింది. కాలనీలో పడమటి ముఖంగా ఉన్న ఒక వరస క్వార్టర్ల ముందు కొత్త నీళ్ల పైపు వేయాలి. వరసలో ఇరవై నాలుగు క్వార్టర్లు. ప్రతి ఇంటివాళ్లూ గోడ ముందు నీడకోసం పంచలాంటి సాయమాను ఏదో ఒకటి వేసుకున్నారు. పైపు గుంతకు, తవ్విన మట్టికి కలిపి రోడ్డు మధ్య నుంచి పదహారు అడుగులు ఖాళీ ఉండాలని ఆర్డరు. పాత ప్లానులో రోడ్డు మధ్య నుంచి క్వార్టరు గోడకు ఇరవై అడుగులు. అంటే గోడ ముందు నాలుగు అడుగులు దాటినదేదైనా తీసేయాలి. ఓవర్సీరు కొలతల పుస్తకం తెచ్చి నా బల్ల మీద పెట్టాడు. ఒక్కో ఇంటి సాయమాను నాలుగున్నర నుంచి ఆరు అడుగుల దాకా ముందుకొచ్చి ఉంది. పదిహేడో నంబరు మాత్రం ఆరడుగుల తొమ్మిది అంగుళాలు.

నాలుగు దాటనిది ఒక్కటీ లేదు. ఇరవై నాలుగింటికీ పసుపు వేశాను. గంటన్నర పట్టింది. కుర్చీలోంచి లేవలేదు.

ఆ వీధి నాకు తెలియనిదేమీ కాదు. పదకొండేళ్లు ఆఫీసు బస్సులో దాని పక్కనుంచి పోయాను. బస్సు కిటికీలోంచి చూస్తే తుక్కు రేకులు, నల్ల బెల్టు ముక్కలు, వంకర కమ్మీలు. చూసిన ప్రతిసారీ నాకు చిరాకు. గీత తిన్నగా ఉండాలనే మనిషిని నేను.

మే మొదటి సోమవారం జేసీబీ వచ్చి ఒకటో నంబరు నుంచి మొదలుపెట్టింది. నాలుగిళ్లు అయ్యాయి. ఇంతలో గనిలో ఏదో అవసరం పడి దాన్ని పిలిపించుకున్నారు. వచ్చే సోమవారం మళ్లీ పంపుతామన్నారు.

మంగళవారం నేను ఫైలు కట్టేసే ముందు, అలవాటు కొద్దీ, కొలతల పుస్తకంలోని రెండు వరసలూ కూడి చూశాను. మొదటి వరసలో గోడ నుంచి సాయమాను చివర దాకా. రెండో వరసలో సాయమాను చివర నుంచి రోడ్డు మధ్య దాకా. రెండూ కలిస్తే ఇరవై రావాలి. ఐదో నంబరుకు ఐదడుగుల మూడు అంగుళాలు, పదహారడుగుల తొమ్మిది అంగుళాలు, ఇరవై రెండు. ఆరో నంబరుకు నాలుగున్నర, పదిహేడున్నర; ఇరవై రెండు. పదిహేడో నంబరుకు ఆరడుగుల తొమ్మిది, పదిహేనడుగుల మూడు. అదీ ఇరవై రెండే. ఓవర్సీరు టేపు తప్పయితే ఇంటికొక రకంగా తప్పుతుంది. అన్నిటికీ సరిగ్గా రెండడుగులే తేడా. క్వార్టర్లు కట్టినప్పుడు ముగ్గు పోసినవాడు వరస మొత్తాన్ని రెండడుగులు వెనక్కి పోశాడన్నమాట. ప్లాను అబద్ధం చెబుతోంది. నేను ప్లానును నమ్మి రంగు వేశాను.

ఆ లెక్కన ఆరడుగుల దాకా ఎవరైనా కట్టుకోవచ్చు. ఒకటి నుంచి నాలుగు నంబర్లవి అయిదున్నర దాటలేదు. ముందురోజు కూలిన నాలుగూ కూలనక్కర్లేదు. ఈ కూడిక వారం ముందు చేసి ఉంటే సరిపోయేది. రెండు వరసల అంకెలు, అయిదు నిమిషాల పని.

ఓవర్సీరును పిలిచాను. ఆదిలాబాద్ వైపు మనిషి, నాకంటే పదిహేనేళ్లు చిన్న.

"టేపు తీసుకో తమ్మీ. పోదాం."

"గీ ఎండలనా? అక్కా, రిటైరయ్యేటోళ్లు ఏసీ కింద కూసుంటరు. సోమవారం జేసీబీ అస్తది, అయిపోతది."

"నీ పుస్తకం సరిగ్గనే ఉంది. నా షీటే తప్పు."

అతను టేపు అందుకున్నాడు. "నా పుస్తకం సరిగ్గుందని ఇన్నేండ్లల్ల మొదటిసారి అన్నవ్ అక్కా. గదే ముక్క రాసియ్యి, ఫ్రేం కట్టిచ్చుకుంట."

వీధికి వెళ్లేసరికి రెండున్నర. చంద్రపూర్ మే నెల ఎండ గురించి ఇక్కడివాళ్లకు చెప్పక్కర్లేదు, బయటివాళ్లకు చెప్పినా తెలియదు. ఎక్కువ తేడా ఉన్నది పదిహేడో నంబరు కాబట్టి ముందు అక్కడికే వెళ్లాం. తలవంచి సాయమాను కిందికి అడుగు పెట్టాను.

చల్లగా ఉంది. చెట్టు లేదు, కూలరు లేదు. కళ్లు కుదురుకోవడానికి కాస్త సమయం పట్టింది. తర్వాత ఎదురుగా ఉన్న గోడ కనబడింది. బూడిద రంగు ఇటుకల గోడ. మోకాలెత్తు దాకా గట్టిగా కట్టి, ఆ పైన సందులు విడిచి పేర్చారు. ప్రతి ఇటుకనూ అడ్డంగా పెట్టారు. ఇటుక పొడుగంతా గోడ మందంలో ఇమిడిపోయింది. కాబట్టి ప్రతి సందూ తొమ్మిది అంగుళాల లోతు. ఎండ చాలావరకు ఆ లోతు దాటి రాలేక దారిలోనే ఆగిపోతోంది. గాలికి ఆ ఇబ్బంది లేదు. పైన పేర్చిన వరస సందు కింది వరస ఇటుక మీదికి వచ్చేలా ఉంది. లెక్కపెట్టాను. పద్దెనిమిది వరసలు, వరసకు పంతొమ్మిది సందులు. మూడు వందల నలభై రెండు. ఒక్క సందు కూడా పక్కదానికంటే వెడల్పుగా లేదు.

"ఎవలు బిడ్డా? కూల్చేటోళ్లా?" మూల మంచం మీంచి ఒక ముసలమ్మ అడిగింది.

"కొలిచేటోళ్లం అమ్మా."

"కొలిచినంకనే గద కూల్చేది. కూసో. నీళ్లు తాగి కొలువు."

లోపలినుంచి ఆమె కోడలు చెంబుతో వచ్చింది. భర్త గనిలో పోతే ఆ ఉద్యోగం ఈమెకిచ్చారు. బొగ్గు ఎక్కించే చోట పని, ఆ వారం రెండో షిఫ్టు. కంపెనీ చీర మీద నీలం చొక్కా తొడుక్కుని బయల్దేరడానికి సిద్ధంగా ఉంది.

"ఈ గోడ ఏ మేస్త్రీ కట్టిండమ్మా?" అన్నాను.

"మేస్త్రీ ఎక్కడిదక్కా? నేనే కట్టిన. సెలవు దినాలల్ల, దినానికి రెండు వరసలు."

"ఎవరు నేర్పిన్రు?"

"గిది నేర్పుడేంది? సిన్నప్పుడు మా అమ్మ ఎంట ఇటుక బట్టీల పని చేసిన. బట్టీల ఇటుకలు గిట్లనే పేరుస్తరు. సందు ఇడువకపోతే నిప్పు లోపలిదాంక పోదు. నిప్పు పోయే తొవ్వల గాలి పోదా?"

ఓవర్సీరు గోడ మీద చెయ్యి పెట్టి, "తడిగున్నది," అన్నాడు.

"తానం చేసిన నీళ్లు రెండు బకీట్లు చల్లుతం. బూడిద ఇటుక గద, పొద్దుమూకేదాంక తాగిందాన్ని ఇడువది."

నేను టేపు తీశాను. నేల మీద ఎండ చుక్కలు చుక్కలుగా పడుతోంది. గోడ దగ్గర పడ్డ చుక్కలు మెల్లగా లోపలికి, అక్కడున్న రోలు వైపు జరుగుతున్నాయి. వాటిని ముసలమ్మ కూడా చూస్తోంది. ఉన్నట్టుండి కోడలిని కసిరింది.

"సుక్కలు రోలెక్కినయ్! ముచ్చట్లు బంద్ చెయ్. బస్సు పోతది."

షిఫ్టు బస్సు ఎప్పుడని అడిగాను. మూడుంబావుకు. నా గడియారంలో మూడు దాటి ఆరు నిమిషాలైంది. "తొమ్మిది నిమిషాలుంది అమ్మా," అన్నాను.

"నీ గడియారం అంటది. ఎండకాలం సుక్క తప్పది. వానకాలం నమ్మద్దు, అబద్ధం చెప్తది."

కోడలు పరుగెత్తింది. ఆమె మలుపు తిరగడం, బస్సు రావడం ఒకేసారి. ఆఫీసుకొచ్చాక పెద్ద గడియారంతో సరిచూసుకున్నాను. నాదే నాలుగు నిమిషాలు వెనక.

బుధ, గురు, శుక్రవారాలు సెలవు పెట్టాను. మూడు రోజులూ ఆ వీధిలోనే ఉన్నాను. ఇరవై ఇళ్ల ముందు భాగాలూ కొలిచి గీశాను. ఓవర్సీరు కూడా భోజనం మానేసి మధ్యాహ్నం టేపు పట్టడానికి వచ్చేవాడు.

అన్నీ ఆరడుగుల లోపే ఎందుకు ఆగాయో రెండో రోజు తెలిసింది. మంచం పొడవు అంత; మంచం అడ్డంగా వేసుకునేవాళ్లకు ఇంకా తక్కువే చాలింది. అందరూ మంచం పట్టేంత కట్టుకున్నారు, చోటున్నా ఇంకొక అంగుళం తీసుకోలేదు. పదిహేడో నంబరులో కూడా లోపలి చోటు ఆరడుగులే. పైన తొమ్మిది అంగుళాలు ఆ గోడ మందం.

తొమ్మిదో నంబరువాళ్లు తుక్కులో పడేసిన కన్వేయర్ బెల్టును వేలెడంత పట్టీలుగా కోసి మంచం నవారులా అల్లి తెరలా వేలాడదీశారు. పన్నెండో నంబరు స్తంభాలు అరిగిపోయిన డ్రిల్లు రాడ్లు. వాటి మర పళ్లు కనిపించేలా పైకి పెట్టి, ఆ పళ్లలోనే దూలం కూర్చోబెట్టారు. ఒక్క మేకు లేదు. ఇరవయ్యో నంబరు మరాఠీ కుటుంబం పగిలిన కప్పులు, సాసర్లు నేలలో పొదిగింది. గడప దగ్గర నీలం ఎక్కువ, బయటికి పోయేకొద్దీ తెలుపు. ఇరవై రెండో నంబరులో మెట్లు సగం ఎత్తే ఉన్నాయి. ఇంటాయన కాలు గనిలో నలిగింది. ఆ కాలు ఎంత లేస్తుందో కొలిచి కట్టిన మెట్లు అవి. మా సెక్షన్ గీసిన మెట్లలో ఒక్కటి కూడా ఎవరి కాలూ కొలిచి గీసింది కాదు.

నేను ఇక్కడ ఎవరినీ పొగడడం లేదు. కొలతలు చెబుతున్నాను. మా ఆఫీసులో చదువుకున్నవాళ్లం ఇరవై నాలుగిళ్లకు ఒకే ప్లాను వేసి, పడమటి ఎండకు ఎదురుగా నిలబెట్టాం. ఆ తప్పును ఇరవై నాలుగు రకాలుగా దిద్దుకున్నారు వాళ్లు. దిద్దినదాన్ని మేం ఆక్రమణ అన్నాం.

శనివారం పొద్దున సెక్షన్ ఇంజనీరు గదిలోకి సవరించిన షీటు పట్టుకెళ్లాను. నాకంటే పాతికేళ్లు చిన్నవాడు, మర్యాదస్థుడు. మాట్లాడింది మరాఠీలో, నేను తెలుగు చేసి రాస్తున్నాను. నన్ను పిలిచే 'బాయి' మాత్రం అలాగే ఉంచాను.

"ఇదేంటి బాయి?"

"సరైన షీటు సర్. పాతది రద్దు చేయండి. దాని మీది నా సంతకం వెనక్కి తీసుకుంటున్నాను."

"సంతకం వెనక్కి తీసుకోవడం అనే పద్ధతి లేదు."

"అయితే ఇవాళ మొదలుపెడదాం."

ఆయన షీటు విప్పాడు. ఇరవై సాయమానులూ నల్ల ఇంకులో. తెరలు, రాడ్లు, పొదిగిన నేల, సగం మెట్లు, మూడు వందల నలభై రెండు సందులు. చాలాసేపు చూశాడు. రెండడుగుల తేడా వివరించాను. కాలుక్యులేటరు తీసి తనే కూడి చూసుకున్నాడు. పంతొమ్మిదింటికి తల ఊపాడు. వేలు పదిహేడు దగ్గర ఆగింది.

"ఇది తొమ్మిది అంగుళాలు ముందుకుంది. మీరే రాశారు."

"కొలత అంతే ఉంది."

"అయితే దీనికి పసుపు వేయండి."

"వేయను."

ఓవర్సీరు తర్వాత నన్ను తిట్టినంత పని చేశాడు. ఆరడుగులని రాసి ఉంటే ఎవడొచ్చి టేపు పడతడక్కా అన్నాడు. నిజమే, ఎవరూ పట్టరు. శుక్రవారం సాయంత్రం ఆ అంకె రాసేటప్పుడు నాకూ ఆ ఆలోచన వచ్చింది, దాచను. కానీ అబద్ధం చెప్పి కాపాడితే ఆ గోడ దొంగసరుకైపోతుంది. తర్వాత వచ్చేవాడెవడో కొలిచి, నా మాట అబద్ధమని తేల్చి, నిజం పేరుతోనే కూల్చేస్తాడు. ఉన్నది ఉన్నట్టు, తొమ్మిది అంగుళాలతో సహా, నల్ల ఇంకులో కంపెనీ కాగితం మీదికి ఎక్కాలి. అదీ నా పంతం.

"ఆ ఇటుకలు తిప్పి గోడ పొడవునా పెట్టుకోమనండి," అన్నాడాయన. "గోడ సన్నబడుతుంది."

"సన్నబడితే ఎండ లోపలికొస్తుంది. దాని మందమే దాని పని."

"బాయి, ఒక మామూలు ఇటుకల గోడ కోసం పైపు వంగదు."

ఈ మాట కోసమే నేను చంకలో ఇంకో షీటు పెట్టుకుని వచ్చాను. పాతది, అంచులు చిరిగింది. ఆయన బల్ల మీద పరిచాను. పెద్ద ఆఫీసరు బంగళాకు వేసిన నీళ్ల పైపు. బంగళా ప్రహరీ రోడ్డు వైపు ముందుకొచ్చి ఉంటే, దాని వెనక గులాబీ మడి ఉందని, పైపు మూడడుగులు పక్కకు జరిగింది. అటు రెండు బెండ్లు, ఇటు రెండు.

"ఇది వంగింది సర్. గీసింది నేనే, కింద సంతకం చూడండి. అక్కడ ముప్పై ఆరు అంగుళాలు వంగిన పైపు ఇక్కడ తొమ్మిది వంగలేదా? దీనికి బెండ్లు కూడా అక్కర్లేదు. నాలుగిళ్ల ముందునుంచి గుంతను కొంచెం కొంచెంగా జరుపుకుంటూ తవ్వితే చాలు. ఎరుపులో గీసి తెచ్చాను."

"అది పాత సాహెబ్ నిర్ణయం. నాకేం సంబంధం?"

"పోయిన సోమవారం కూలిన నాలుగిళ్లు? ఆ పసుపు షీటు మీద నా సంతకం పక్కన మీది కూడా ఉంది. నా తప్పు ఒప్పుకుంటూ ఉత్తరం రాశాను. వచ్చిన కాగితాలు ఎక్కించే ఇన్‌వర్డు రిజిస్టరులో వేసి, నంబరు వేయించి వచ్చాను."

ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు. "మీకు పదకొండు నెలలే ఉంది బాయి. ప్రశాంతంగా వెళ్లొచ్చు కదా?"

"పది నెలల పంతొమ్మిది రోజులు. మీరు ఒక్కసారి మధ్యాహ్నం మూడింటికి వచ్చి ఆ గోడ వెనక కూర్చోండి. ఏ రంగు వేయాలో తర్వాత మీరే చెప్పండి."

ఆయన రాలేదు. ఎరుపు గీత మీద సంతకం మాత్రం పెట్టాడు. ఆయనను ఒప్పించింది ఇన్‌వర్డు నంబరే, గోడ అందం గురించి నాకు భ్రమలేమీ లేవు. అదే రోజు సాయంత్రం నాకు మెమో ఇచ్చారు. స్థలం చూడకుండా షీటు తయారుచేసిన నిర్లక్ష్యానికి. అందులో రాసింది అక్షరాలా నిజం కాబట్టి, సంజాయిషీలో 'అవును' అని ఒక్క మాట రాశాను. ఆ మెమో ఇప్పటికీ భద్రంగా ఉంది. ముప్పైమూడేళ్లలో నా పని గురించి ఆఫీసు సరిగ్గా రాసిన కాగితం అదొక్కటే.

సోమవారం జేసీబీ వచ్చింది. ఓవర్సీరు ముగ్గు పోశాడు. పదమూడో నంబరు నుంచి గీత కొంచెం కొంచెంగా రోడ్డు వైపు జరిగి, పదిహేడు దాటాక మళ్లీ వెనక్కి వచ్చింది. గుంత గోడ పక్కనుంచే పోయింది. రాత్రి డ్యూటీ దిగిన కోడలు నిద్ర పోకుండా గడపలో నిలబడి చూసింది. ముసలమ్మ చూడలేదు, చప్పుడు విని తెలుసుకుంది.

"కొలిచినంక కూలకుంట పోవుడు గిదే సూస్తున్న," అంది. "కూసో బిడ్డా. నీళ్లు తాగుతవా?"

చంద్రపూర్‌కు కొత్తవాళ్లొస్తే మనవాళ్లు కోట గోడలు, దర్వాజాలు చూపిస్తారు. చూపించండి. చూడదగ్గవే. కానీ ఊళ్లో తుకుం వైపున్న మా ఇంటికి వచ్చే ఇంజనీరింగు పిల్లలను నేను క్వార్టర్ల వీధులకు పంపిస్తాను, అదీ మధ్యాహ్నం మూడింటికి. బస్సు కిటికీలోంచి కాకుండా, దిగి, తలవంచి, సాయమాను కిందికి పొమ్మంటాను. ఏమీ కనబడలేదని తిరిగొచ్చినవాళ్లను మర్నాడు మళ్లీ పంపిస్తాను.

ఇక ఆ నాలుగిళ్ల సంగతి. పైపు పడ్డ సోమవారమే, నేను తిరిగొస్తుంటే మూడో నంబరాయన ఎదురొచ్చాడు. డంపరు నడిపేవాడు. ఇంటి ముందు రాళ్లన్నీ ఊడ్చి ఒక మూలకు కుప్ప పోశాడు.

"మేడం, అందరియి గీసిన్రట గద. మాది గూడ గీయున్రి."

"నేను చూడలేదయ్యా."

"నేను చెప్త గద. గీడ బెల్టు పట్టీలుండె. గీడ బీరతీగ, గా కొసదాంక. గీడ మా పోరి కూసొని సదువుకునే అరుగు."

నేను పెన్సిలు తీశాను. "అరుగు ఎంత ఎత్తు?"

ఆయన చెయ్యి గాల్లో పెట్టాడు. "గింత." కాస్త దించాడు. "కాదు, గింతుండె." మళ్లీ కొంచెం ఎత్తాడు. అక్కడే చెయ్యి ఆపి, నా వైపు చూశాడు.

కొలత లేనిది నేను గీయను. ఆయనకూ అదే చెప్పాను. ఆయన చెయ్యి దించుకుని లోపలికి వెళ్లాడు.

ఆ షీటు నకలు మా ఇంట్లో గోడకుంది. ఇరవై నాలుగు గళ్లు. ఇరవైలో నల్ల ఇంకు. మొదటి నాలుగింటిలో నంబర్లు మాత్రమే ఉన్నాయి. ఊహించి నింపమని చాలామంది అన్నారు, ఒకరిద్దరు గీసి కూడా తెచ్చారు. నేను పెట్టనివ్వలేదు. వచ్చినవాళ్లంతా ముందు పదిహేడో గడి దగ్గరే నిలబడతారు. చూసినంతసేపు చూడనిచ్చి, తర్వాత వాళ్లను ఆ నాలుగు ఖాళీ గళ్ల ముందుకు తీసుకొస్తాను. ఇవి నేను గీసినవే అని చెబుతాను.